కనబడుతుందా లేదా అని అడిగితే ఏం చెప్పను

మెట్రోలో తెల్లకర్ర మడిచి ఒళ్ళో పెట్టుకుని, ఫోన్‌లో వాట్సాప్ చదువుకుంటూ కూర్చుంటే ఎదురు సీట్లో వాళ్ళకి ఎక్కడో కాలుతుంది. ముఖం మీద అనరు, పక్కవాళ్ళతో గొణుగుతారు. చూపు తక్కువైతే చెవుడు కూడా ఉంటుందని వాళ్ళ లెక్క కాబోలు, నాకు అన్నీ వినబడుతూనే ఉంటాయి. "సీటు కోసం వేషాలు" అంటుంది ఒకావిడ. "మరి ఫోన్ ఎలా చూస్తోందమ్మా?" అంటుంది ఆవిడ కూతురు. కూతురు అడిగింది మంచి ప్రశ్నే. కాకపోతే అమీర్‌పేట నుంచి పంజాగుట్ట వచ్చేలోపు చెప్పగలిగే జవాబు కాదది. అందుకే ఇక్కడ రాస్తున్నాను.

నాది రెటినైటిస్ పిగ్మెంటోసా. ఆ పేరు పలకలేక అందరం ఆర్పీ అంటాం. సుమారు నాలుగు వేల మందిలో ఒకరికి ఉంటుందని లెక్క, అంటే అంత అరుదైన జబ్బేమీ కాదు, మీ కాలేజీలోనో మీ వీధిలోనో ఒకరు ఉండే ఉంటారు, చెప్పుకుని ఉండరంతే. కంటి వెనక ఉండే రెటీనాలో రెండు రకాల కణాలుంటాయి. రాడ్లు అనేవి ఒక్కో కంట్లో 12 కోట్ల దాకా ఉంటాయి, మసక వెలుతుర్లో చూడ్డానికీ పక్కచూపుకీ అవే ఆధారం. కోన్లు 60 లక్షలే, కానీ రంగులూ, అక్షరాలూ, ఎదుటి మనిషి ముఖంలో మార్పులూ అన్నీ వాటి పుణ్యమే. ఆర్పీలో ముందు రాడ్లు చచ్చిపోతూ వస్తాయి. అందుకని మొదట రాత్రి పోతుంది, తర్వాత నెమ్మదిగా అంచులు పోతాయి, నట్టనడుమ చూపు మాత్రం చాలామందికి చాలా ఏళ్ళు నిలుస్తుంది. నాకింకా నిలిచే ఉంది.

ఎంత నిలిచిందో తెలియాలంటే ఒక చెయ్యి ముందుకి పూర్తిగా చాపి పిడికిలి బిగించండి. ఆ పిడికిలి వెడల్పు సుమారు 10 డిగ్రీలు. మామూలు మనిషికి రెండు కళ్ళూ కలిపి అడ్డంగా 180 డిగ్రీలు పైనే కనబడుతుంది. నాకు ఆ పిడికిలి మేర, అంతకన్నా కాస్త తక్కువే. కానీ ఆ పిడికిలి లోపల పడిందంతా శుభ్రంగా కనబడుతుంది. మీరు నాకు మీటరు దూరంలో నిలబడితే మీ ముఖం ఒక్కటే పడుతుంది. పది మీటర్ల అవతల నిలబడితే తల దగ్గర్నుంచి చెప్పుల దాకా మొత్తం పడతారు. దగ్గరికొచ్చేకొద్దీ మీరు నాకు తగ్గిపోతారన్నమాట. దూరంగా వస్తున్న బస్సు నంబరు అందరికన్నా ముందు నేనే చదువుతాను, చదివి రెండడుగులు వేసి కాళ్ళ దగ్గరున్న అరటిపళ్ళ గంపని తంతాను. చూసినవాళ్ళకి ఈ రెండూ ఒకే మనిషి చేసిందంటే నమ్మబుద్ధి కాదు.

చాలామంది ఇక్కడ ఊహించుకునేది ఏమిటంటే మధ్యలో ఒక గుండ్రటి కిటికీ, చుట్టూ నల్లటి చీకటి. ఆస్పత్రి పోస్టర్లలో కూడా అలాగే గీస్తారు. అలా ఉండదు. చుట్టూ నలుపు ఉంటే బాగుండేది, ఇక్కడి నుంచి నాకు కనబడటం లేదు, జాగ్రత్తగా ఉండాలి అని నాకే తెలిసేది. కనబడని చోట కనబడటం లేదన్న సంగతే కనబడదు. నమ్మకపోతే మీ కంటితోనే చూసుకోండి. తెల్ల కాగితం మీద ఎడమవైపు ఒక ఇంటూ గుర్తు, దానికి కుడివైపు ఎనిమిది సెంటీమీటర్ల దూరంలో ఒక నల్ల చుక్క పెట్టండి. ఎడమ కన్ను మూసి, కుడి కంటితో ఇంటూ గుర్తునే చూస్తూ, కాగితాన్ని ముఖానికి ఒక అడుగు దూరంలో పట్టుకుని కొంచెం ముందుకీ వెనక్కీ జరపండి. ఒకచోట చుక్క మాయమవుతుంది. కంటినరం రెటీనాలోంచి బయటికి వెళ్ళే చోట చూసే కణాలు ఉండవు, అందుకని అక్కడ అందరూ గుడ్డివాళ్ళే. 17వ శతాబ్దంలోనే మారియోట్ అనే ఫ్రెంచి శాస్త్రవేత్త దీన్ని కనిపెట్టాడు. అసలు సంగతి ఏమిటంటే చుక్క పోయిన చోట మీకు నల్ల కన్నం కనబడదు, తెల్ల కాగితమే కనబడుతుంది. గీతల కాగితమైతే గీతలు కూడా తెగకుండా సాగిపోయినట్టే ఉంటాయి. మెదడు చుట్టుపక్కల ఉన్నదాన్ని తెచ్చి అక్కడ పూడ్చేస్తుంది, మనల్ని అడగదు, మనకి చెప్పదు.

నా విషయంలో అది ఆ పని రోజంతా చేస్తుంది. హాలు ఖాళీగా ఉందని నేను నమ్మి నడుస్తాను, హాల్లో మా పాప సైకిలుంటుంది. రోడ్డు మీద ఎవరూ లేరు అనుకుంటాను, చెవి పక్కనే ఎవరో దగ్గుతారు. నా ప్రపంచంలో మనుషులు నడిచి రారు, ఊడిపడతారు. పెళ్ళైన కొత్తలో మా ఆయన ఇంట్లో ఎటు నుంచి వచ్చినా నేను కెవ్వుమని అరిచేదాన్ని, ఇప్పుడు ఆయన గదిలోకి వస్తూ ఏదో ఒక పాట కూనిరాగం తీస్తారు, అది అలవాటైపోయి ఆఫీసులో కూడా తీస్తున్నారట. మా పాపకైతే ఇదంతా ఆట. దాగుడుమూతలు ఆడితే అది మంచం కిందా తలుపు వెనకా దూరదు, నా పక్కనే ఊపిరి బిగబట్టి నిలబడుతుంది. నేను ఇల్లంతా వెతికి రావాలి. ఎప్పుడూ అదే గెలుస్తుంది.

చిన్నప్పుడు మాత్రం నాకేమీ తెలియదు. భీమవరం దగ్గర మా ఊరు. కరెంటు పోతే పిల్లలందరూ హోయ్ మంటూ వీధిలోకి పరిగెత్తేవాళ్ళు, నేను అరుగు దిగేదాన్ని కాదు. పిరికిపిల్ల అని పేరు పెట్టారు, నేనూ అదే అనుకున్నాను. చీకట్లో ఎవరికీ ఏమీ కనబడదు, మిగతావాళ్ళకి ధైర్యం ఉంది, నాకు లేదు, అంతే. డాబా మీద పడుకున్నప్పుడు నాన్న చుక్కలు చూపించేవారు, అదిగో సప్తర్షులు, అదిగో అరుంధతి అని. నేను "ఆఁ, ఆఁ" అనేదాన్ని. అరుంధతి సంగతి సరే, పెళ్ళిలో చాలామంది అలాగే ఊఁ కొడతారు కదా, కానీ సప్తర్షుల్లో ఒక్కరైనా నాకు ఎన్నడూ దర్శనమివ్వలేదు. అమ్మమ్మ ఒక్కతే ఏదో తేడా ఉందని పట్టుకుంది, పట్టుకుని పొన్నగంటికూర, మునగాకు, మేక కార్జం వంతులవారీగా పెట్టింది. ఆవిడ వైద్యాన్ని వెక్కిరించడానికి లేదు, విటమిన్ ఎ లోపం వల్ల వచ్చే రేచీకటికి అలాంటి తిండి నిజంగానే పనిచేస్తుంది. నాది ఆ లోపం కాదు, అంతే తేడా.

డిగ్రీలో ఉండగా హైదరాబాద్‌లో పరీక్షలు చేయించారు. అన్ని పరీక్షల్లో నాకు గుర్తుండిపోయింది డాక్టరుగారు కాగితం మీద గీసిన బొమ్మ. మగవాళ్ళకి చదరం, ఆడవాళ్ళకి సున్నా, భార్యాభర్తల మధ్య ఒక గీత. అమ్మానాన్నల దగ్గరికి వచ్చేసరికి, "మేనరికమా?" అని అడిగి, ఒక గీత కాకుండా రెండు గీతలు గీశారు. అమ్మ నాన్నకి సొంత మేనమామ కూతురు. ఇద్దరిలోనూ ఒకే రకం తేడా ఉన్న జన్యువు ఒక్కో కాపీ ఉంటుందట, వాళ్ళకి ఏ ఇబ్బందీ రాదు, పుట్టే ప్రతి బిడ్డకీ రెండు కాపీలూ పడే అవకాశం నాలుగింట ఒక వంతు. అన్నయ్య తప్పించుకున్నాడు, నాకు పడింది. అమ్మ ఆ రెండు గీతల వైపే చూస్తూ కూర్చుంది, బస్సులో తిరిగి వచ్చేటప్పుడు కూడా ఆ కాగితం బ్యాగులోంచి తీసి చూసింది. అమ్మని నిలదీయాలని నాకు ఎప్పుడూ అనిపించలేదు, పద్దెనిమిదేళ్ళ పిల్లని అడిగి చేశారా ఏంటి ఆ పెళ్ళి. కానీ ఇప్పటికీ చుట్టాల్లో ఎవరైనా "పొలం బయటికి పోదు, పిల్ల కళ్ళముందుంటుంది" అంటూ బావామరదళ్ళకి ముడిపెట్టే మాటలు మొదలెడితే నేను మధ్యలో దూరి మాట్లాడతాను. అప్పుడు నేను చెడ్డదాన్ని. కానివ్వండి.

ఆర్పీకి కారణమయ్యే జన్యువులు ఇప్పటికి 80కి పైగా తెలిశాయి. వాటిలో ఆర్పీఈ65 అనే ఒక్కదానికి లక్స్‌టర్నా అనే జన్యుచికిత్స ఉంది, 2017 డిసెంబరులో అమెరికాలో అనుమతి వచ్చింది, రెండు కళ్ళకీ కలిపి ధర 8.5 లక్షల డాలర్లు పెట్టారు. నాది ఆ జన్యువు కాదు. వాట్సాప్‌లో నాకు బయోనిక్ కన్ను వీడియోలు పంపే బాబాయిలూ పెద్దమ్మలూ ఈ పేరా దయచేసి రెండుసార్లు చదవండి.

ఇంక ఫీల్డ్ టెస్ట్ గురించి, అంటే చూపు ఎంత వెడల్పు ఉందో కొలిచే పరీక్ష గురించి చెప్పాలి, ఎందుకంటే నేను గుడ్డిదాన్నని కాగితం మీద రాయించింది అదే. తెల్లటి గిన్నె ఆకారంలో ఉన్న మిషన్‌లో తల పెట్టాలి, గడ్డం కింద ఆనించుకోవాలి, మధ్యలో ఉన్న పసుపు దీపాన్నే చూస్తుండాలి. చుట్టూ అక్కడక్కడా చిన్న చుక్క వెలిగి ఆరిపోతుంది, కనబడితే చేతిలో బటన్ నొక్కాలి. చుక్క చోటు మారినప్పుడల్లా లోపల మోటారు చిన్నగా గర్ర్ మంటుంది. ఆ చప్పుడు వినబడుతుంది, అంటే ఎక్కడో ఇప్పుడు ఒక దీపం వెలిగి ఉంటుంది, నాకు కనబడలేదు. మళ్ళీ గర్ర్, మళ్ళీ లేదు. అలా చాలాసేపు వరుసగా ఏమీ రాకపోతే మిషన్ పాడైందేమో అని ఆశపడతాం. చప్పుడు రాగానే నొక్కేద్దామని బొటనవేలు దురదపెడుతుంది, నాకే కాదు, అక్కడ బెంచీ మీద నాతో కూర్చున్న వాళ్ళందరూ అదే చెప్పారు. ఆ మిషన్ మనకంటే తెలివైంది, మధ్యమధ్య ఉత్తి చప్పుడు చేసి దీపం వెలిగించకుండా ఊరుకుంటుంది, అప్పుడు నొక్కామా దొరికిపోయినట్టే. అక్షరాల చార్టు మాత్రం నేను కళ్ళజోడుతో దాదాపు అడుగు దాకా చదివేస్తాను. 2016 నాటి వికలాంగుల హక్కుల చట్టం ప్రకారం చూపు ఎంత దూరం వెళ్తుందన్నదే కాదు, ఎంత వెడల్పు ఉందన్నదీ లెక్కే. 40 డిగ్రీల కంటే తగ్గితే లో విజన్, 10 కంటే తగ్గితే అంధత్వం. కాబట్టి చార్టు చదివే గుడ్డిదాన్ని నేను, చట్టప్రకారమే. సదరం సర్టిఫికెట్ కోసం లైన్లో నిలబడి సూచనల బోర్డు చదువుతుంటే వెనకాయన "మీరెందుకొచ్చారమ్మా, నిజంగా లేనివాళ్ళకి రానివ్వండి" అన్నాడు. ఆయనకి చట్టం చెప్పాను. ఆయన జరగలేదు, నేనూ జరగలేదు.

ఇంకో తిరకాసు ఉంది, అక్షరాలు పెద్దవి చేయడం. చూపు తక్కువ అనగానే అందరూ భూతద్దం కొనిస్తారు, ఫోన్‌లో ఫాంటు పెంచేస్తారు. మధ్యచూపు పోయినవాళ్ళకి, అంటే మాక్యులా జబ్బులున్నవాళ్ళకి, అది వరమే. నాకు శాపం. అక్షరం పెద్దదైతే పిడికిలిలో రెండక్షరాలే పడతాయి, "ఉప్పు" దాకా చదివి "ఉప్పుడు రవ్వ" అని తెలుసుకోవడానికి మెడ తిప్పాలి. నాకు చిన్న అక్షరాలూ, సన్నటి కాలమ్‌లూ కావాలి. దినపత్రికలో వార్త హాయిగా చదువుతాను, కానీ ఒక లైను అయ్యాక రెండో లైను మొదలు ఎక్కడుందో దొరకడమే కష్టం, వేలు పెట్టుకుని చదువుతాను. ఆడిటర్ ఆఫీసులో జీఎస్టీ రిటర్నులు నా పని, ఎక్సెల్‌లో మౌస్ బాణం పోయిందంటే దాన్ని వెతకడం కన్నా కీబోర్డు షార్ట్‌కట్‌లు నేర్చుకోవడం సుఖమని నేర్చేసుకున్నాను, ఇప్పుడు ఆఫీసులో అందరికన్నా నేనే స్పీడు. సాయంత్రానికి కళ్ళు అలిసిపోతే టాక్‌బ్యాక్ పెట్టి ఫోన్ చేత చదివిస్తాను. మా ఇంట్లో నా సాయంత్రాలన్నీ ఆ మిషన్ ఆడగొంతే.

పెళ్ళిళ్ళు. ఇక్కడ కాస్త ఎక్కువ రాస్తాను, నా పరువు అంతా అక్కడే పోయింది. ఎవరో పెద్దావిడ పక్కనుంచి నవ్వుతుంది, నేను చూడను. ఎవరో మావయ్యగారు చెయ్యి ఊపుతారు, చూడను. ఒకాయన కాఫీ కప్పు నా ముందు పట్టుకుని నిలబడి, నిలబడి, వెళ్ళిపోతాడు. సాయంత్రానికి అమ్మకి ఫోన్ వస్తుంది, "హైదరాబాద్ వెళ్ళాక మీ అమ్మాయికి కళ్ళు నెత్తికెక్కాయి" అని. నెత్తి మీద ఇంకో రెండు కళ్ళుంటే నాకంటే సంతోషించేవాళ్ళు ఎవరు చెప్పండి. భోజనాల దగ్గర బఫే అయితే నేను ఆకలితోనే ఇంటికొస్తాను, చేతిలో ప్లేటు పట్టుకుని మందలో నడవడం నా వల్ల కాదు. బంతి భోజనం అయితే మహారాణిని. అరిటాకు ఆకుపచ్చ, అన్నం తెలుపు, ఆవకాయ ఎరుపు, అన్నీ విడివిడిగా తెలుస్తాయి. ఎడమ పక్కన పైన ఉప్పు, ఊరగాయలు, ఎక్కడేది ఉంటుందో ఊరంతా ఒకటే పద్ధతి. అదే తెల్ల పింగాణీ ప్లేటులో పెరుగన్నం పెట్టారంటే నేను అన్నం అయిపోయాక కూడా ప్లేటుని కెలుకుతూ ఉంటాను. ఒకే ఒక్క చిక్కు వడ్డించేవాళ్ళతో. వాళ్ళు నోటితో అడగరు, గరిటె చూపించి కనుబొమ్మలు ఎగరేస్తారు. నేను ఆకు చూస్తూ ఉంటాను కదా, వద్దని చెయ్యి అడ్డం పెట్టను, ఆ మౌనాన్ని అంగీకారంగా తీసుకుని పప్పు మీద పప్పు వేసి వెళ్తారు. ఈ మధ్య మా వదిన పక్కన కూర్చుంటుంది. "ఎడం చేతి పక్క పప్పు అడుగుతున్నాడు, వద్దా?" అంటుంది, అడిగేసి తన భోజనం తను చేసుకుంటుంది. గ్లాసు ఎక్కడుందో చెబుతుంది. అయ్యో పాపం అనదు. నా బంధువర్గం మొత్తంలో నాకు ఇష్టమైన మనిషి ఆవిడే.

డబ్బు లెక్క సులువైంది, ఆ సంగతి ఒప్పుకోవాలి. పగలు నోటు చూస్తే తెలుస్తుంది, రాత్రి ఆటో దిగాక తెలియదు. పాత నోట్లు ఒకదానికొకటి పది మిల్లీమీటర్ల తేడాతో ఉండేవి, కొత్తవి 100కీ 200కీ మధ్య నాలుగు మిల్లీమీటర్లే. 500 నోటు రెండు అంచుల్లోనూ అయిదేసి ఉబ్బు గీతలు ఉంటాయి, 100కి నాలుగు, నోటు కొత్తదైతే గోటికి తగులుతాయి, నలిగిందంటే చెయ్యేసి తడుముకోవడమే. 2020 జనవరిలో రిజర్వ్ బ్యాంక్ మణి అని ఒక యాప్ తెచ్చింది, కెమెరా ముందు నోటు పెడితే ఎంతదో చెబుతుంది. కానీ అన్నిటికన్నా మేలు చేసింది కూరగాయల బండి మీద కూడా పెట్టుకున్న ఆ చిన్న స్పీకరు డబ్బా. నేను స్కాన్ చేసి కొట్టింది ఎంతో వీధంతా వినబడేలా అరిచి చెబుతుంది. అందరికీ చికాకట. నాకు కాదు.

బండి బుక్ చేసుకున్నప్పుడే ఇప్పటికీ టెన్షన్. "మేడమ్, మీ ఎదురుగానే ఉన్నా, చెయ్యి ఊపుతున్నా" అంటాడు. "అన్నా, నాకు పక్కలు కనబడవు, ఒక్కసారి హారన్ కొట్టు" అంటాను. సగం మంది కొడతారు. కొంతమంది దిగి వచ్చి భుజం పట్టుకుని లాక్కెళ్ళి కూర్చోబెడతారు, మంచి మనసే, కానీ అలా లాగితే అడుగు ఎక్కడ పడుతుందో తెలియక భయమేస్తుంది. మీ మోచెయ్యి ఇవ్వండి, నేను పట్టుకుని అరడుగు వెనక నడుస్తాను. మీరు మెట్టు దిగితే మీ చెయ్యి కిందికి దిగుతుంది, నాకు తెలిసిపోతుంది.

తెల్లకర్ర పట్టుకోవడానికి నేను చాలా కాలం ఒప్పుకోలేదు. లో విజన్ సెంటర్‌లో నేర్పించిన మేడమ్ ఒక్కటే అడిగారు, "కర్ర లేకుండా మిమ్మల్ని చూసి జనం ఏమనుకుంటున్నారో తెలుసా?" తెలుసు. తాగి ఉంది అనుకుంటున్నారు. పట్టుకున్నాక నటిస్తోంది అంటున్నారు, రెండిట్లో ఇదే నయం. కర్ర నేల సంగతి చెబుతుంది, మూతలేని మ్యాన్‌హోల్, ఫుట్‌పాత్ మీద పార్క్ చేసిన బండి, దారిలో పడుకున్న కుక్క, అన్నీ ముందే తెలుస్తాయి. నడుము పైన సంగతి దానికి తెలియదు. వేలాడే కేబుల్ వైర్లు, షాపుల ముందుకు పొడుచుకొచ్చిన రేకులు, లారీ అద్దాలు, వీటి గుర్తులు నా నుదుటి మీదున్నాయి. మెట్రో స్టేషన్‌లో పసుపు రంగు గరుకు టైల్స్ పట్టుకుని మెట్ల దాకా హాయిగా వెళ్తాను, స్టేషన్ దిగిన మరుక్షణం ఎవరి ఖర్మ వాళ్ళది.

ఇంకో మాట, శ్రీకాంత్ బొల్లాని నాకు చూపించకండి. ఆయనంటే నాకు గౌరవమే, మచిలీపట్నం దగ్గర పల్లెలో చూపు లేకుండా పుట్టి, ఇంటర్‌లో సైన్సు చదవనివ్వమని కోర్టుకెక్కి గెలిచి, ఎంఐటీలో చదివి కంపెనీ పెట్టిన మనిషి. కానీ నేను అడుగుతున్నది ఎంఐటీ కాదు, మా అపార్ట్‌మెంట్ మెట్లకి పసుపు గీత.

నిజంగానే అదే అడిగాను. మా మెట్లన్నీ నల్ల గ్రానైట్, నిగనిగలాడుతూ, పైనుంచి చూస్తే మెట్టుకీ మెట్టుకీ తేడా తెలియక మొత్తం ఒకే పలకలా కనబడుతుంది. ప్రతి మెట్టు అంచునా రెండంగుళాల పసుపు పట్టీ వేస్తే చాలు, మిగతా పని నా కాళ్ళు చూసుకుంటాయి. మీటింగులో చెబితే "లుక్ పోతుందండీ" అన్నారు. ఒకాయన "లిఫ్ట్ ఉంది కదా" అన్నారు, కరెంటు పోయినప్పుడు ఆయనే ఆ మెట్ల మీద ఫోన్ టార్చి వేసుకుని దిగుతారు. మూడో అంతస్తులో ఉండే పెద్దాయనకి శుక్లాల ఆపరేషన్ అయింది, ఆయన లేచి "నాక్కూడా తెలియట్లేదయ్యా, చెప్పుకోడానికి నామోషీ వేసి ఊరుకున్నాను" అన్నారు. దాంతో ఒప్పుకున్నారు. మా 'ఏ' బ్లాకులో వేశారు, ఇప్పుడు పాలప్యాకెట్ కోసం పొద్దున్నే నేనే దిగుతున్నాను. బీ బ్లాకులో పెయింటు డబ్బా అయిపోయిందని సగంలో ఆపేశారు, మా పాప ట్యూషన్ అక్కడే, పై రెండు అంతస్తులూ ఇంకా అలాగే ఉన్నాయి. సెక్రటరీగారికి రోజూ మెసేజ్ పెడుతున్నాను, రెండు నీలం టిక్కులు మాత్రం నాకు స్పష్టంగా కనబడుతున్నాయి.